ఇంటి యప్పు, దాని అసలు వెల

పట్టణవాసి ఇల్లు కొనదలచినపుడు ఆతని నోట మొదట వెడలు ప్రశ్న "నెలకు కంతు ఎంత?" అనునది. జీతములో తిండికి, పిల్లల చదువునకు, ముసలి తలిదండ్రుల మందులకు పోగా మిగిలిన దానిలో ఆ కంతు ఇముడునా ఇమడదా యని భార్యాభర్తలు రాత్రి కూర్చుండి లెక్క చూచుకొందురు. ఇమిడిన యెడల సంతకము చేయుదురు. మొత్తముమీద చెల్లింపవలసినదెంత, అందులో ఇంటికి పోవునదెంత, వడ్డికి పోవునదెంత యని అడుగువారు మా యనుభవములో మిక్కిలి యరుదు. వంకాయలు కొనునపుడు రెండు రూపాయలకు బేరమాడు మన గృహస్థులు, జన్మమున ఒక్కసారి చేయు ఇంత పెద్ద బేరములో వెల యడుగకయే తలయూపుచున్నారు.

అడుగనీయకుండుటయే అప్పులమ్మువారి నేర్పు. దసరా వచ్చినను ఉగాది వచ్చినను పత్రికల మొదటి పుట నిండ అచ్చగు ప్రకటనలను చూడుడు. కంతు పెద్ద యక్షరములలో నుండును. గడువు కన్నులు చికిలించి చూచిన కనబడును. మొత్తము ఎచ్చటను ఉండదు. ఇంటి యప్పునకు నిజమైన వెల వడ్డి రేటులో లేదు, గడువులో నున్నదని మా వాదము. ఆ గడువును అప్పుపడినవాని కంటబడనీయక సాగదీయుచున్న పద్ధతిని మేము తప్పుపట్టుచున్నాము.

ముందుగా లెక్క చూతము. 50 లక్షల రూపాయల అప్పు, సంవత్సరమునకు నూటికి 8.5 వడ్డి, 20 ఏండ్ల గడువు అనుకొందము. నెలకు కంతు 43,391 రూపాయలు. మొదటి నెల కట్టిన సొమ్ములో 35,417 వడ్డికి జమయగును. అసలునకు చేరునది 7,974 మాత్రమే. మొదటి సంవత్సరమున 5 లక్షల 20 వేలకు పైగా కట్టినవాని అప్పు లక్షయైనను తఱుగదు. పదియేండ్లు ఒక్క నెలయు తప్పక కట్టినవాడు 52 లక్షలు, అనగా తాను తెచ్చుకొన్న దానికంటె ఎక్కువయే, ముట్టజెప్పియుండును. అయినను ఆతని పేరట ఇంకను 35 లక్షలు నిలిచియుండును. అసలులో సగము తీఱుటకు 13 ఏండ్ల 10 నెలలు పట్టును. కడపటి కంతు కట్టునప్పటికి ఆతని చేతినుండి పోయినది సుమారు 1 కోటి 4 లక్షల 14 వేలు.

ఈ లెక్కలో మోసమేమియు లేదని ముందే చెప్పుచున్నాము. వడ్డి నిలువయున్న అప్పుమీద పడును. మొదట నిలువ ఎక్కువ కనుక వడ్డియు ఎక్కువ. కాని మోసము లేనంత మాత్రమున తెలిసికొనకపోవుట మంచిది కానేరదు. "అద్దె కట్టుట దండుగ, ఆ సొమ్మే కంతు కట్టిన ఇల్లు మనదగును" అని యింటింట వినబడు మాటను ఈ లెక్క ప్రక్కన పెట్టి చూడవలెను. మొదటి నెల కంతులో 35 వేలకు పైగా పోయినది దేనికి? ఇంటికి అద్దె తప్పినది, డబ్బునకు అద్దె పట్టినది. ఆ రశీదును ఈ రశీదును రెండును తిరిగి రాని సొమ్మునకే. అద్దెయింట నుండు వానికి ఇంకొక స్వేచ్ఛ యున్నది: బరువైన నాడు చిన్న యింటికి మాఱవచ్చును. కంతు కట్టువానికి ఆ వెసులుబాటు లేదు.

మన తెలుగునాట వడ్డిని నెలకు నూటికి ఇన్ని రూపాయలని చెప్పుకొనుట వాడుక. రెండు రూపాయల వడ్డి యనగా సంవత్సరమునకు నూటికి 24. మూడు రూపాయలన్న గుండె గుభేలుమనును. ఆ లెక్కన బ్యాంకువారి 8.5 నెలకు 71 పైసలైనను కాదు. పాత నాణెములలో చెప్పవలెనన్న పదునొకండణాలు. "రూపాయకు లోపు వడ్డి, ఇంతకంటె ధర్మవడ్డి ఎక్కడ దొరకును?" అని బంధువులు ప్రోత్సహింతురు. ఈ వాడుక మనలను పెడదారి పట్టించుచున్నది. రెండు రూపాయల వడ్డికి నూఱు తెచ్చి యేడాదిలో తీర్చినవానికి అప్పు ఖరీదు 24 రూపాయలు. పదునొకండణాల వడ్డికి నూఱు తెచ్చి 20 ఏండ్ల కంతులలో తీర్చినవానికి దాని ఖరీదు 108 రూపాయలు. 30 ఏండ్లలో తీర్చిన 177 రూపాయలు. హెచ్చు వడ్డి వెంటనే కాటువేయును గనుక దానికి భయపడి పరుగెత్తుదుము. తక్కువ వడ్డి పక్కలోనే పడుకొని యుండును.

ముప్పది యేండ్ల సంగతి కొంచెము విప్పి చెప్పవలెను, ఏలయన బేరము కుదరని చోట అప్పు అమ్మువారు తీయు అస్త్రమదియే. "కంతు మీకు బరువా? గడువు పెంచెదము." 20 ఏండ్లను 30 చేసిన యెడల అదే 50 లక్షలకు కంతు 43,391 నుండి 38,446 కు దిగును. నెలకు 4,945 రూపాయల ఊరట. ఆ యూరటకు చెల్లించు వెల 34 లక్షలకు పైగా అదనపు వడ్డి. మొత్తము చెల్లింపు 1 కోటి 38 లక్షలు దాటును. ఈ సంఖ్యను బల్లకు ఆవలి ప్రక్కనున్నవాడు ఎఱుగును. ఈవలి ప్రక్కనున్నవాడు ఎఱుగడు.

మన ధర్మశాస్త్రములలో ద్వైగుణ్య న్యాయమని యొకటి కలదు. న్యాయస్థానములలో దానిని దాందుపట్టు అందురు. ఏ సమయమునను బాకీపడిన వడ్డి అసలును మించి వసూలు చేయరాదని దాని తాత్పర్యము. బొంబాయి రాజధానిలోని కోర్టులు దానిని హిందువుల అప్పులకు అన్వయించినవి. మదరాసు రాజధానిలోని కోర్టులు ఒప్పుకొనలేదు. అయినను 1938 లో రాజగోపాలాచారి మంత్రివర్గము తెచ్చిన మదరాసు వ్యవసాయదారుల ఋణ విమోచన చట్టము అంతకంటె ఒక యడుగు ముందుకు వేసినది. 1932 అక్టోబరు 1 కి పూర్వపు అప్పులలో, రైతు అసలు క్రిందను వడ్డి క్రిందను కలిపి అసలునకు రెండింతలు ముట్టజెప్పియున్న యెడల ఆ అప్పు పూర్తిగ తీఱినట్లే యని శాసించినది. కృష్ణా, గోదావరి, గుంటూరు మండలములు నాడు ఆ రాజధానిలోనివే.

ఆ గీటురాయిమీద నేటి యింటి యప్పును గీచి చూడుడు. 20 ఏండ్ల అప్పు తొమ్మిది, పది కంతుల దూరములో రెండింతలను దాటును. 30 ఏండ్ల అప్పులో 21 ఏండ్ల 8 నెలలకే రెండింతలు, అనగా కోటి రూపాయలు, చెల్లిపోవును. ఆ పైని ఇంకను 100 కంతులు మిగిలియుండును. అవి సుమారు 38 లక్షల 45 వేలు. 1938 నాటి శాసనకర్తల దృష్టిలో ఋణవిముక్తుడు కావలసినవాడు నేడు మఱి యెనిమిదేండ్ల నాలుగు నెలలు కట్టవలెను. ఇక కోర్టును ఆశ్రయించు దారి యున్నదా? 1984 లో బ్యాంకింగు నియంత్రణ చట్టమున చేర్చిన 21ఎ సెక్షను, వడ్డి మిక్కుటమను కారణమున బ్యాంకు లావాదేవీని ఏ కోర్టును తిరుగదోడరాదని చెప్పుచున్నది. అధికవడ్డిని విచారించుటకు కోర్టులకు బలమిచ్చిన 1918 నాటి చట్టము బ్యాంకు గుమ్మము దగ్గఱ ఆగిపోయినది.

రెండింతల నియమమును బ్యాంకులమీద మఱల తేవలెనని మేము కోరుటలేదు. బ్యాంకు ధనము ఆకాశమునుండి రాలినది కాదు. ఎవరో పింఛనుదారు దాచుకొన్న డిపాజిటు అది. ఆయనకును వడ్డి ఈయవలెను. ఇరువదేండ్ల పిమ్మటి రూపాయ నేటి రూపాయంత బరువుండదని మఱికొందఱు చెప్పుదురు. అదియు నిజమే. జీతము పెరిగినకొలది 43 వేల కంతు తేలికయగును. కాని అది తేలికయైన నాడు ఆ మిగులును అసలునకు చేర్చువారికే ఆ వాదము పనికివచ్చును. కొత్త కారునకు మఱియొక కంతు తగిలించుకొనువారికి కాదు. ఆదాయపు పన్నులో మినహాయింపు గలదందురా? పాత పద్ధతిలో స్వంత నివాసపు వడ్డిపై సంవత్సరమునకు 2 లక్షల వరకే. కొత్త పద్ధతిని ఎన్నుకొన్నవారికి అదియు లేదు. మొదటి యేట కట్టిన వడ్డియే 4 లక్షల 21 వేలు. పన్ను మిగులునని వడ్డి కట్టుట, తవుడు కలిసివచ్చునని వడ్లు పారబోసికొనుట వంటిది.

ఇంతవఱకు వడ్డి రేటు మారదను భావముతో చెప్పితిమి. అసలు కథ అచ్చటనే మొదలగుచున్నది. మన యింటి యప్పులలో పెక్కింటి వడ్డి చలించునది, ఫ్లోటింగు రేటు. 2019 అక్టోబరు 1 మొదలు బ్యాంకులు కొత్తగ ఇచ్చు అట్టి అప్పుల వడ్డిని రెపో రేటు వంటి బయటి కొలతకు ముడివేయవలెనని రిజర్వు బ్యాంకు నియమించినది. 2020 మే లో రెపో 4 శాతమునకు దిగినది. చవుక వడ్డి యని జనులు ఇండ్లు కొనిరి. 2022 మే మొదలు 2023 ఫిబ్రవరి లోపల అది మెట్టు మెట్టుగ రెండున్నర పెరిగి 6.5 అయినది.

ఆ కాలమున మా కచేరీకి వచ్చిన యొక గుమాస్తాను మఱువలేకున్నాము. కాగితముల కట్ట బల్లమీద పెట్టి, "ప్లీడరుగారూ, ఒక్క కంతు తప్పలేదండి. కట్టినదంతా ఎక్కడికి పోయిందండి?" అని యడిగెను. ఆతని అప్పు గడువును పెంచిరి. ఆ వార్త ఆతని ఫోనునకు రెండు వరుసల సందేశముగ వచ్చినది. ప్రకటనయని తలచి ఆతడు దానిని విప్పిచూడలేదు. కంతు మారలేదు గనుక ఏమియు మారలేదనుకొనెను.

ఆతని లెక్కను పోలిన లెక్క నొకదానిని పాఠకుల ముందుంచుచున్నాము. 50 లక్షలు, 7 శాతము, 20 ఏండ్లు. కంతు 38,765. రెండేండ్లు సక్రమముగ కట్టిన పిమ్మట నిలువ 47 లక్షల 53 వేలు. ఇపుడు వడ్డి ఒక్కసారిగ 9.5 అయినదనుకొందము, మెట్లుగ పెరిగినను ఫలము పెద్దగా భేదింపదు. కంతును అట్లే యుంచిన యెడల అందులో 37,632 వడ్డికే పోవును. అసలునకు చేరునది 1,133 రూపాయలు. మిగిలిన 18 ఏండ్ల అప్పు తీఱుటకు ఇక పట్టునది 37 ఏండ్లకు పైమాట! అంత గడువు సాధారణముగ ఏ బ్యాంకును ఈయదు; ఈయగలిగినంత పెంచి, అది చాలనపుడు కంతును కూడ పెంచును. నలువదేండ్ల వయసున అప్పుచేసినవాడు అరువది దాటి పింఛనులో నుండి కంతు కట్టవలెను. ఆ దినముననే ఆతనిని పిలిచి, "కంతు 46 వేలు చేసికొందువా, గడువు పెంచుకొందువా?" అని యడిగియుండిన, ఎట్లో తంటాలుపడి పెంచుకొనియుండెడివాడేమో. పెంచుకొనలేకపోయినను తెలిసి చేసిన పని యగును. అడుగకుండుటయే మా యభియోగము.

రిజర్వు బ్యాంకు మేలుకొనలేదని చెప్పజాలము. 2023 ఆగస్టు 18 నాటి ఉత్తరువులో, వడ్డి మారినపుడు కంతు పెంచుటయా, గడువు పెంచుటయా, రెండును కొంత కొంతయా యని అప్పుపడినవానినే కోరుకొననీయవలెననియు, కట్టిన కంతు వడ్డికే చాలక అప్పు పెరుగు స్థితి రానీయరాదనియు, ఇంతవఱకు వసూలైన అసలెంతో వడ్డియెంతో, మిగిలిన కంతులెన్నో మూడు నెలలకొకసారి తెలుపవలెననియు చెప్పినది. మంచి ఉత్తరువే. కాని ఆ చీటీని చదువువారెందఱు? 2025 ఫిబ్రవరి మొదలు డిసెంబరు లోపల రెపో ఒకటింబాతిక తగ్గి 5.25 కు వచ్చినది. పెరుగుదలలో సాగిన గడువు తగ్గుదలలో మఱల ముడుచుకొన్నదా యని బ్యాంకునకు పోయి యడిగినవారిని వ్రేళ్లమీద లెక్కింపవచ్చును. పైగా, రెపోకు ముడివేయవలెనను నియమము బ్యాంకులకే కాని గృహఋణ కంపెనీలకు లేదు. 2019 కి ముందటి అప్పులు పాత కొలతలతోనే నడచుచున్నవియు గలవు. కొత్తగ వచ్చినవానికి తక్కువ వడ్డి, పాతవానికి ఎక్కువ వడ్డి నడచుచుండును. రుసుము కట్టి మార్పు కోరిన పాతవానికిని తగ్గింతురు. అడుగనిదే అమ్మయైనను పెట్టదందురు. అమ్మయే పెట్టనపుడు బ్యాంకు పెట్టునా?

చిల్లర వడ్డనలను గూర్చి క్లుప్తముగ చెప్పి ముగింతుము. పరిశీలన రుసుము, వకీలు రుసుము, కట్టుచున్న యింటికి జి.యస్.టి., ఇల్లు చేతికి రాకముందే కట్టు వడ్డి, ఇవియన్నియు ఇంటి వెలలోనివే. అన్నిటికంటె గడుసుది భీమా. ప్రాణభీమా మంచిదే, తండ్రి పోయిన కుటుంబము నెత్తిన అప్పు పడకుండును. కాని లక్షన్నర ప్రీమియమును చేతినుండి కట్టనీయక అప్పులోనే కలిపివేసిన యెడల, 8.5 శాతమున 20 ఏండ్లలో దాని ఖరీదు 3 లక్షల 12 వేలు. అదే భీమాను విడిగ, తనకు నచ్చినచోట కొనుక్కొను హక్కు తనకున్నదని ఎందఱికి తెలియును?

కంతులు ఆగిన నాడు చట్టమెట్లుండునో చెప్పుట మా వృత్తిధర్మము. 90 దినములు బాకీపడిన అప్పును మొండిబాకీ క్రింద చేర్తురు. 2002 నాటి సర్ఫేసీ చట్టము క్రింద 60 దినముల నోటీసు ఇచ్చి, అప్పటికిని చెల్లింపనిచో దావా వేయకుండగనే ఇంటిని స్వాధీనము చేసికొని అమ్మవచ్చును. సివిలు కోర్టు తలుపు మూయబడినది. 45 దినముల లోపల ఋణ వసూలు ట్రిబ్యునలునకు పోవలెను. 1882 నాటి ఆస్తి బదలాయింపు చట్టము తాకట్టు పెట్టినవానికి బాకీ చెల్లించి ఆస్తిని విడిపించుకొను హక్కును ఉదారముగ నిచ్చినది. తాకట్టు ఎప్పటికిని తాకట్టే గాని అమ్మకము కాదని మేము కళాశాలలో వల్లించితిమి. కాని సర్ఫేసీ చట్టమునకు 2016 లో చేసిన సవరణ ప్రకారము వేలము ప్రకటన వెలువడుటతోనే ఆ హక్కు పోవుచున్నది. సుప్రీము కోర్టు 2023 లో దానినే ధ్రువపఱచినది. ప్రకటన పడిన మఱునాడు డబ్బు మూటతో పరుగెత్తి వచ్చినను విడిపించుకొను హక్కు లేదన్నమాట. నోటీసు వచ్చిన నాడే కదలని కక్షిదారులను చూచి మాకు కోపమును వచ్చును, జాలియు కలుగును.

కావున మేము అడుగునది ఇది. మన దస్తావేజులలో పైకమును అంకెలలో వ్రాసి, పిమ్మట "అక్షరాలా" అని మాటలలోను వ్రాయుట అనాదిగ వచ్చుచున్న ఆచారము. ఇంటి యప్పు పత్రపు మొదటి పుటలోనే, కంతునకు పైన, గడువంతయు కట్టిన యెడల చెల్లింపవలసిన మొత్తమును అట్లే అక్షరాలా, తెలుగులో వ్రాయవలెను. వడ్డి మారిన ప్రతిసారి అట్లే తిరిగి వ్రాసి, సంతకము తీసికొనిన పిమ్మటనే గడువు పెంచవలెను. ఇది గొంతెమ్మ కోరిక కాదు. 2024 అక్టోబరు 1 మొదలు మంజూరగు కొత్త అప్పులకు ముఖ్యాంశముల పత్రము నొకదానిని అప్పుగొనువానికి తెలిసిన భాషలో ఈయవలెననియు, రుసుములన్నియు కలిపిన వార్షిక రేటును, కంతు కంతునకు అసలు వడ్డి విభజించిన పట్టికను అందు చూపవలెననియు, ఆలోచించుకొనుటకు కనీసము మూడు పనిదినములు గడువీయవలెననియు నియమమున్నది. దానిని తెలుగులో అడిగి తీసికొనుడు. ఇంగ్లీషు కాగితము చూపి "ఇక్కడ, ఇక్కడ సంతకము" అని వ్రేలు పెట్టు ఉద్యోగితో, మూడు దినములు ఇంటికి తీసికొనిపోయి చదివెదనని చెప్పుడు. ఆతడు నొచ్చుకొనిన నొచ్చుకొనుగాక.

ఇప్పటికే అప్పులో నున్నవారికి ఒక మాట. వ్యక్తులకిచ్చిన చలించు వడ్డి ఇంటి యప్పును ముందుగ తీర్చినందుకు జరిమానా తీయరాదని బ్యాంకులకు 2012 లోనే నిషేధము వచ్చినది. ఏడాదికి ఒక్క కంతు అదనముగ, పంట డబ్బో బోనసో వచ్చినపుడు, అసలు క్రింద జమచేయించిన యెడల మొదట చెప్పిన 20 ఏండ్ల అప్పు మూడేండ్లకు పైగా ముందుగ తీఱును. పది లక్షలకు మించి వడ్డి మిగులును. మొదటి యేండ్లలో కట్టినదానికే ఈ బలము. వడ్డి తగ్గినపుడు కంతును తగ్గించుకొనకుడు, గడువును తగ్గించుకొనుడు.

కడపటి కంతు కట్టిన నాడును పని ముగియదు. 2023 డిసెంబరు 1 మొదలు, అప్పు పూర్తిగ తీఱిన 30 దినములలో అసలు దస్తావేజులు తిరిగి ఈయవలెను. ఆలస్యము బ్యాంకుదైన దినమునకు 5,000 రూపాయల చొప్పున పరిహారము చెల్లింపవలెను. మన రెండు రాష్ట్రములలోను హక్కు పత్రములు తాకట్టుంచినట్లు వ్రాసిన పత్రమును రిజిస్టరు చేయించుట వాడుక గనుక, దస్తావేజులు చేతికి వచ్చినంత మాత్రమున చాలదు. తాకట్టు విడుదలయు రిజిస్ట్రారు కచేరీలో నమోదైనదో లేదో ఈసీ తీయించి చూచుకొనవలెను. ఎప్పుడో తీఱిన యప్పు ఈసీలో తీఱనట్లే కనబడి, కూతురి పెండ్లికి ఇల్లు అమ్మబోయిన నాడు బేరము నిలిచిపోయినదని వచ్చు కక్షిదారులు మా కచేరీకి నేటికిని వచ్చుచునే యున్నారు.